బూటులో దాచిన టై

రెండు రోజుల ప్రయాణానికి మాడీన్ టాకెట్ సర్దే పెట్టె ఎప్పుడూ ఒకే తీరుగా ఉండేది. అడుగున బూట్లు, పక్కన గడ్డం గీసుకునే సామాను, వాటి మీద రెండు తెల్ల చొక్కాలు, అన్నిటికన్నా పైన మెరూన్ రంగు కోటు. ఇరవై ఆరేళ్లుగా మొగుడి పెట్టె ఆమే సర్దుతోంది. మేజోళ్లు మూడుసార్లు లెక్కపెడుతుంది. మూత వేశాక మళ్లీ తెరిచి చూస్తుంది. ఏదో మర్చిపోయానన్న గుబులు నీకు పుట్టుకతోనే వచ్చిందే అని వాళ్లమ్మ అంటుండేది. పుట్టుకతో కాదు, తొమ్మిది ఊళ్లలో కాపురం పెడితే వచ్చిందని మాడీన్‌కు తెలుసు.

"కోటు పెట్టకు" అని మొగుడు రాయిస్ స్నానాల గదిలోంచే చెప్పాడు. లూసియానాలో ఉక్కగా ఉంటుందట.

డిసెంబరు నెల. ఉక్కేమిటో ఆమెకు అర్థం కాలేదు. కెస్లర్ కాలేజీ ఫుట్‌బాల్ కోచ్‌గా రాయిస్ ఒక తల్లి ఇంటికి వెళ్లి, నీ కొడుకును మా జట్టుకు పంపమని అడగబోతున్నాడు. కాలేజీ రంగు ఒంటిమీద లేకుండా ఏ కోచూ అలాంటి గడప తొక్కడు. అయినా కాలేజీ రంగుదైన ఆ మెరూన్ కోటు పక్కన పెట్టి, అలవాటు ప్రకారం మేజోళ్లు ఉండచుట్టి బూట్లలో కూరబోయింది. కుడి బూటులో పట్టాయి. ఎడమ బూటులో పట్టలేదు. లోపల మెత్తగా ఏదో తగిలింది. లాగింది.

పట్టు టై. నారింజ రంగు.

మాడీన్ మంచం అంచున కూర్చుండిపోయింది.

కెస్లర్‌లో నారింజ రంగు అంటే నదికి అవతలి రాష్ట్రంలో ఉన్న బ్రాంట్లీ యూనివర్సిటీ. ఏటా నవంబరు ఆఖరి శనివారం ఆ రెండు జట్లూ తలపడతాయి. ఆ వారమంతా హోబర్ట్ తన కొట్లో నారింజ పండ్లు వెనక గదిలో దాచేస్తాడు. అక్టోబరులో గుమ్మాల ముందు పెట్టే గుమ్మడికాయలకు కూడా ఊరివాళ్లు మెరూన్ రంగు పూస్తారు. రాయిస్ అయితే ఊరి పెద్దల భోజనంలో లేచి నిలబడి, మా ఇంట్లో క్యారెట్లు కూడా వండనివ్వనని చెప్పి చప్పట్లు కొట్టించుకున్నాడు. ఆ మాట కోతలు కాదు. మూడేళ్లుగా ఆ ఇంటి పులుసులో క్యారెట్ ముక్క ఉడకలేదు.

కొత్త ఊళ్లో కొత్త కోచ్‌ను పేపర్లవాళ్లకు చూపించే రోజున అతని మెడలో ఆ కాలేజీ రంగు టై ఉండాలి. అలాంటి టైలు మాడీన్ తన చేత్తో ఇస్త్రీ చేసింది. నీలం, ఆకుపచ్చ, పసుపు, మళ్లీ నీలం. ప్రతిసారీ పాత రంగు బట్టలన్నీ అట్టపెట్టెల్లో పెట్టి చర్చికి ఇచ్చేది. ఎనిమిది ఊళ్ల పేదవాళ్లు మా చొక్కాలు తొడుక్కు తిరుగుతున్నారని తోటి కోచ్‌ల పెళ్లాలతో చెప్పి నవ్వేది. లోపల ఏడ్చేది. స్నేహితురాళ్లను, నాటిన గులాబీ మొక్కలను, ఒక ఊళ్లో తల్లి సమాధిని కూడా వదిలి వచ్చింది. కానీ ఒక్కటి మాత్రం ఒప్పుకోవాలి. ఎనిమిదిసార్లూ రాయిస్ ఆ సంగతి ముందుగా ఆమెకే చెప్పాడు. వంటింటి బల్ల దగ్గర కూర్చోబెట్టి, చెయ్యి పట్టుకుని చెప్పాడు.

ఈసారి బూటులో దాచాడు. ఆమె చేత్తోనే, ఆమెకు తెలియకుండా సర్దించుకుందామనుకున్నాడు. మేజోళ్లు ఎక్కడ పెడుతుందో ఇరవై ఆరేళ్లలో ఒక్కసారైనా చూసి ఉంటే ఆ టై ఇంకెక్కడైనా దాచేవాడు. తన పెట్టె ఎలా నిండుతుందో కూడా తెలియని మనిషికి ఇన్నాళ్లు పెట్టెలు సర్దానన్న సంగతి తలకెక్కగానే ఆమె అరికాలి మంట నెత్తికెక్కింది.

ఎందుకు దాచాడో ఆమెకు తెలుసు. ఓజెల్లా ప్రూయిట్ వల్ల.

కుర్రాళ్లు స్టేడియం చూసి మురిసిపోతారు, తల్లులు మాత్రం వంటిల్లు చూశాకే పంపుతారు అనేది రాయిస్ సిద్ధాంతం. అందుకే చలికాలంలో ప్రతి శనివారం ఆ ఇంట్లో భోజనాలు ఉండేవి. తల్లులు మాడీన్ వంటింట్లో కూర్చునేవారు. వాళ్లు ఊళ్లకు వెళ్లాక ఆమె ఒక్కొక్కరికీ సొంత దస్తూరీతో ఉత్తరం రాసేది. టైపు చేయకూడదు, టైపు చేస్తే ఆఫీసు వాసన వస్తుందని రాయిస్ ఆజ్ఞ. కెస్లర్‌కు వచ్చాక అలాంటి ఉత్తరాలు ఇరవై మూడు కుటుంబాలకు వెళ్లాయి. ఆ ఇరవై మూడు మంది కొడుకులూ వచ్చి జట్టులో చేరారు.

ఓజెల్లా అలబామాలో ఒక ఆసుపత్రి చాకిరేవులో పని చేసేది. కొడుకు క్లిఫ్టన్‌తో కలిసి పదకొండు గంటలు బస్సులో వచ్చింది. మాడీన్ ఆమెను "మిసెస్ ప్రూయిట్" అని పిలిచినప్పుడు తలెత్తి చూసింది. ఆమె ఊళ్లో తెల్ల ఆడవాళ్లెవరూ నల్ల ఆడమనిషిని అలా పిలవరు. భోజనం అయ్యేదాకా ఏమీ అడగలేదు. అయ్యాక ఒక్కటే అడిగింది.

"కాలో చెయ్యో విరిగిన రోజున వాడి దగ్గర ఎవరుంటారమ్మా?"

రాయిస్ గొంతు పెంచి కాలేజీ డాక్టర్ల గురించి, కొత్త ఎక్స్‌రే మిషను గురించి మొదలుపెట్టాడు. ఓజెల్లా మర్యాదగా వింటూనే మాడీన్ వైపు చూస్తూ కూర్చుంది. "నేనుంటాను" అంది మాడీన్. తర్వాత అదే మాట ఉత్తరంలో రాసింది. మీ క్లిఫ్టన్ చదువు పూర్తయ్యే దాకా మా ఇంట్లో వాడి కంచం ఉంటుంది, నేను ఈ ఊళ్లోనే ఉంటాను అని.

క్లిఫ్టన్ చేరిన రెండో ఏడు, అక్టోబరులో, ఆటలో ఎదుటి జట్టువాళ్లు ముగ్గురు అతని మీద పడ్డారు. మోకాలు లోపల ఏదో తెగింది. ఆపరేషను రోజున మాడీన్ ఆసుపత్రిలో ఉంది, రాయిస్ వచ్చే శనివారం ఆటకు వ్యూహం గీస్తున్నాడు. నవంబరులో అతని బల్ల మీద వచ్చే ఏడాది స్కాలర్‌షిప్పుల జాబితా కనిపించింది. ఏటికేడు కోచ్ రాసిస్తేనే ఆ స్కాలర్‌షిప్ నిలుస్తుంది. క్లిఫ్టన్ పేరు మీద ఎర్ర పెన్సిల్ గీత ఉంది. ఆమె అడిగితే ఇంకా ఆలోచిస్తున్నానన్నాడు. ఆ కుర్రాడి చేతికి డిగ్రీ వచ్చేదాకా నేను ఈ ఊరు కదలనని అప్పుడే తేల్చి చెప్పింది. రాయిస్ ఆమె నుదుటి మీద ముద్దు పెట్టి, ఎక్కడికి పోతాం పిచ్చిదానా అన్నాడు.

ఇప్పుడు తల తుడుచుకుంటూ స్నానాల గదిలోంచి వచ్చాడు. ఆమె ఒళ్లో టై చూసి ఆగిపోయాడు.

"ఎప్పుడు చెబుదామనుకున్నావ్?" అని అడిగింది మాడీన్.

"విమానం దిగాక ఫోన్ చేద్దామనుకున్నా."

"ఎక్కడ దిగాక? లూసియానాలోనా?"

అతను మంచం మీద ఆమె పక్కన కూర్చోబోయాడు. ఆమె లేచి నిలబడింది. ఇది బ్రాంట్లీ, మాడీన్, అన్నాడు. ఎనభై వేల మంది పట్టే స్టేడియం అన్నాడు. ఇన్నేళ్లూ ఊళ్లు పట్టుకు తిరిగింది ఈ ఒక్క పిలుపు కోసమే కదా అన్నాడు. పొలాలకు మందు చల్లే చిన్న విమానాల మైదానంలో బ్రాంట్లీవాళ్ల విమానం తొమ్మిదింటికి ఎదురు చూస్తోందట. రాజీనామా లేఖ కాలేజీ ప్రెసిడెంట్ దగ్గర ఉందట, మధ్యాహ్నం పన్నెండింటికి గాని తెరవరట. మాట్లాడుతూనే చొక్కా తొడుక్కున్నాడు, గుండీలు పెట్టుకున్నాడు. ఆమె ఏడుస్తుందేమోనని ఒకటి రెండుసార్లు ముఖంలోకి చూశాడు.

"క్లిఫ్టన్ సంగతేమిటి?"

"వచ్చే కోచ్ చూసుకుంటాడు."

"పేరు కొట్టేసింది నువ్వు. కొట్టేసిన పేరు వచ్చేవాడికేం కనబడుతుంది?"

"మోకాలు పోయినవాణ్ని ఏ కోచూ ఉంచుకోడు మాడీన్. నువ్వేం కొత్తదానివి కాదు."

"వాళ్లమ్మకు నేను రాసిచ్చాను."

రాయిస్ అప్పుడు నవ్వాడు. వెక్కిరింపు కాదు, బుజ్జగింపు. "ఉత్తరమే కదా. అందరు తల్లులకూ అవే రాస్తాం" అన్నాడు.

మాడీన్ పెట్టె మూత దించి, గొళ్లెం పెట్టి, దాని మీద కూర్చుంది. ఆమెది భారీ శరీరం. కదిపి తీయగలిగే మనిషి ఆ గదిలో లేడు. సొరుగులోంచి కాలేజీ ముద్ర ఉన్న కాగితం తీసి, క్లిఫ్టన్ ప్రూయిట్ స్కాలర్‌షిప్ డిగ్రీ పూర్తయ్యే దాకా కొనసాగించాలని హెడ్ కోచ్ హోదాలో కోరుతున్నానంటూ నాలుగు వరుసలు మోకాలి మీదే రాసింది.

"పన్నెండు దాకా కోచ్‌వి నువ్వేగా. సంతకం పెట్టు. పెట్టె తీసుకో."

అతను గోడ గడియారం చూశాడు. కాగితం అందుకుని, దారిన పోయే పిల్లాడి బంతి మీద చేసినట్టు చకచకా సంతకం గీకి ఇచ్చాడు. "ఇంతేనా? దీనికింత రాద్ధాంతమా?" అన్నాడు. టైను జేబులో పెట్టుకున్నాడు. ఆదివారం ఫోన్ చేస్తానని, పండగయ్యాక సామానుకు లారీ పంపుతానని చెప్పాడు. గుమ్మం దాటుతుంటే మాడీన్ నోరు అలవాటుగా, రక్తపోటు మాత్రలు పెట్టుకున్నావా అని అడిగేసింది. అడిగినందుకు తన నోటిని తానే కొట్టుకోవాలనిపించింది. అతను జేబు తట్టి చూపించి కారెక్కాడు.

పది గంటలకల్లా ఆమె ప్రెసిడెంట్ గదిలో ఉంది. డాక్టర్ ఆంబ్లర్ పెద్దమనిషి, మెల్లగా మాట్లాడతాడు. కాగితం రెండుసార్లు చదివి, కళ్లజోడు తీసి బల్ల మీద పెట్టాడు. తెరిచి ఉన్న ఒక కవరు ఆమె వైపు జరిపాడు. రాజీనామా. దాని మీద తేదీ మూడు రోజుల కిందటిది, డిసెంబరు పదకొండు. సోమవారం. మధ్యాహ్నం దాకా ఆగమన్న మాట అందులో ఎక్కడా లేదు. సోమవారం నుంచి రాయిస్ టాకెట్ సంతకానికీ బస్టాండులో కూర్చున్నవాడి సంతకానికీ తేడా లేదని ప్రెసిడెంట్ మర్యాదగానే చెప్పాడు.

"ఈ సంగతి మీ ఆయనకు తెలుసండి" అని కూడా చెప్పాడు.

తెలిసే పెట్టాడు. పనికిరాదని తెలుసు గనకే అంత తేలిగ్గా పెట్టాడు. ఏరు దాటాక తెప్ప తగలేసేవాళ్లను ఆమె చాలామందిని చూసింది. ఇతను తెప్ప మీద తననూ క్లిఫ్టన్‌నూ కూర్చోబెట్టి మరీ నిప్పు పెట్టాడు. ఇరవై ఆరేళ్ల కాపురంలో ఇల్లు మారినా, ఊరు మారినా, పస్తులున్నా రాని కోపం అప్పుడు వచ్చింది. కవరును బల్ల మీదే వెనక్కి తోసేసింది.

మీరు ఆవేశంలో ఉన్నారు, ఇంటికి వెళ్లి విశ్రాంతి తీసుకోండి అన్నాడు ప్రెసిడెంట్. ఆ కుర్రాడి విషయం చాలా విచారకరం అన్నాడు. జట్టు నియమాలు జట్టువి, నా చేతుల్లో లేవన్నాడు.

"నా దస్తూరీ మీరెప్పుడైనా చూశారా డాక్టర్ గారూ?" అని అడిగింది మాడీన్.

ఆయనకు అర్థం కాలేదు.

"ఇరవై మూడు ఇళ్లలో ఉంది. మీ కాలేజీ కాగితం మీద, మీ ముద్ర కింద. బైబిల్లో పెట్టి దాచుకున్నవాళ్లున్నారు. ఫిబ్రవరిలో మీ జట్టులో చేరుతామని సంతకాలు పెట్టాల్సిన పిల్లలు ఇంకో పదకొండు మంది. వాళ్ల తల్లుల చిరునామాలు నా వంటింటి సొరుగులో ఉన్నాయి. మోకాలు విరిగితే కెస్లర్‌లో ఏం జరుగుతుందో ముప్పై నాలుగు మందికీ రాస్తాను. టైపు చెయ్యను."

"బెదిరిస్తున్నారా మిసెస్ టాకెట్?"

"ఉత్తరాలు రాస్తానంటున్నాను. మూడేళ్లుగా మీ జీతగాడు నాచేత ఉచితంగా చేయించింది అదేగా."

ప్రెసిడెంట్ కిటికీలోంచి ఖాళీ మైదానం చూశాడు. జట్టుకు కోచ్ లేడు. ఫిబ్రవరికి ఎనిమిది వారాలుంది. తల్లులు గనక వెనక్కి తగ్గితే వచ్చే శరత్కాలంలో ఆ మైదానంలో నిలబెట్టడానికి పిల్లలుండరు. ఆ సంగతి ఆయనకు ఎవరూ చెప్పనక్కర్లేదు. గుమాస్తాను పిలిచాడు. ఫుట్‌బాల్‌తో సంబంధం లేకుండా, కాలేజీ పక్షాన, క్లిఫ్టన్ ప్రూయిట్‌కు డిగ్రీ దాకా చదువు, బస, భోజనం అని రాయించాడు. ఈసారి మాడీన్ ఆ కాగితం మీద తేదీ చూసింది. ముద్ర చూసింది. ఇంకో ప్రతి అడిగి తీసుకుంది. థాంక్స్ చెప్పలేదు.

ఇంటికి వచ్చేసరికి మెట్ల మీద జోబెత్ కూర్చుని ఉంది. రాయిస్ దగ్గర పని చేసే ఎనిమిది మంది సహాయ కోచ్‌లలో ఒకడి పెళ్లాం, పక్కిల్లే. అప్పటికే రేడియోలో చెప్పేశారు. పెద్ద కోచ్ పోతే చిన్నవాళ్ల ఉద్యోగాలు కూడా ఊడినట్టే, ఎనిమిది సంసారాలు క్రిస్మస్ ముందు రోడ్డున పడ్డట్టే. కోచ్‌ల పెళ్లాలు మూడో ఏడు దాటేదాకా కిటికీలకు కర్టెన్లు కుట్టించుకోరు. జోబెత్ గత నెలలోనే ధైర్యం చేసి కుట్టించుకుంది.

"మీకు నిన్న తెలుసు కదా. కనీసం కర్టెన్లు విప్పుకో అని ఒక్క ముక్క చెప్పలేకపోయారా?" అంది.

నాకూ ఇవాళ పొద్దున్నే తెలిసిందని, బూటులో దొరికిందని మాడీన్ చెప్పింది. జోబెత్ నమ్మలేదు. నమ్మకపోవడంలో ఆమె తప్పేమీ లేదు.

చీకటి పడకముందే కార్లు మొదలయ్యాయి. హోబర్ట్ కొట్లో ఉన్న నారింజలన్నీ ఆ ఇంటి గోడల మీదకు వచ్చాయి. మూడేళ్లు కోచ్ కారు ఆపి కరచాలనం చేసినవాళ్లే, పిల్లల్ని వెంటబెట్టుకొచ్చి మరీ విసిరారు. పొద్దున్నే లేచి చూస్తే ముందు పచ్చికలో "ఇల్లు అమ్మబడును" అన్న బోర్డులు నాలుగు పాతి ఉన్నాయి. మాడీన్ వాటిని పీకి పొయ్యిలోకి చెక్కలు చేసింది. ఎవరి మీద కోపమో తేల్చుకోలేక నాలుగింటి మీదా కలిపి గొడ్డలి వేసింది.

ఆదివారం క్లిఫ్టన్ చంకకర్రల మీద వచ్చాడు. గోడల మీద ఎండిన రసం చూశాడు. రానా, వెళ్లిపోనా అన్నట్టు గేటు దగ్గరే నిలబడ్డాడు.

"కంచం పెట్టి ఉంది" అంది మాడీన్.

అతను కుంటుకుంటూ ముందు గడ్డిలో పడి ఉన్న నారింజలు చూసి, "వీటిలో సగం బాగానే ఉన్నాయండి" అన్నాడు. ఇద్దరూ బకెట్‌లోకి ఏరారు. వంటింటి బల్ల దగ్గర కూర్చుని తిన్నారు. తింటుండగా ఫోన్ మోగింది. రాయిస్ అనుకుని ఆమె నాలుగుసార్లు మోగనిచ్చింది. ఎత్తితే ఓజెల్లా.

కోచ్ వెళ్లిపోయాడని విన్నానమ్మా అంది ఓజెల్లా. మీరెప్పుడు సర్దుకుంటున్నారని అడిగింది. ఆ గొంతులో నిష్ఠూరం లేదు. మాట నిలబడకపోవడం జీవితంలో చాలాసార్లు చూసిన గొంతు అది. మాడీన్‌కు దాంతో ఇంకా మంట పుట్టింది.

"నేను సర్దడం లేదు మిసెస్ ప్రూయిట్."

 ఓజెల్లా, "అయితే వాడికి క్యారెట్లు పెట్టండమ్మా. చిన్నప్పటి నుంచీ ప్రాణం. మీ ఇంట్లో అడగడానికి భయపడి చచ్చాడు" అంది.

జనవరిలో లారీ వచ్చింది. రాయిస్ బట్టలు, పుస్తకాలు, గెలిచిన కప్పులు, ఆట ఫిల్ము చుట్టలు అన్నీ మాడీన్ సర్ది ఎక్కించింది. ఈసారి పాత రంగు బట్టలు చర్చికి ఇవ్వలేదు. ఇంట్లో ఉన్న మెరూన్ గుడ్డ ప్రతి ఒక్కటీ, చేతిరుమాళ్లతో సహా, బ్రాంట్లీకే పంపింది. మీ సామానేదమ్మా అని డ్రైవరు అడిగితే, ఇంతే అంది. రాయిస్ ఈస్టర్ దాకా ప్రతి ఆదివారం ఫోన్ చేశాడు. మొదట బతిమాలాడు, తర్వాత కోచ్ భార్య పక్కన లేకపోతే తల్లులు ఏమనుకుంటారని విసుక్కున్నాడు. ఆ మాటకు ఆమె ఫోన్ పెట్టేసింది. ఈస్టర్ తర్వాత అతను మానేశాడు.

ఆమె కాలేజీ లైబ్రరీలో పుస్తకాలు సర్దే పనికి కుదిరింది. బ్రాంట్లీ అతన్ని నాలుగేళ్లకే తీసేసిందని అక్కడే పేపర్లో చదివింది. అతని ఇంటి ముందూ బోర్డులు పాతారట. జాలి పడదామని ప్రయత్నించింది. రాలేదు. తేదీ తెలిసి పెట్టిన ఆ సంతకం గుర్తొచ్చింది.

అప్పటికి క్లిఫ్టన్ డిగ్రీ పట్టుకుని ఏడాదిన్నర దాటింది. 1981 మే నెలలో ఓజెల్లా మళ్లీ పదకొండు గంటలు బస్సులో వచ్చి, పట్టాలిచ్చే సభలో మాడీన్ పక్క కుర్చీలో కూర్చుని, కొడుకు పేరు పిలిచినప్పుడు లేచి నిలబడింది. మర్నాడు మాడీన్ అతని పెట్టె సర్దింది. మేజోళ్లు మూడుసార్లు లెక్కపెట్టింది. బూట్ల లోపల చెయ్యి పెట్టి చూసింది. ఏమీ లేదు. క్లిఫ్టన్ అలబామాలో లెక్కల మాస్టరయ్యాడు. ఆ తర్వాత నాలుగుసార్లు ఆ ఇంటికి వచ్చాడు, చివరిసారి పెళ్లాం బిడ్డలతో.

రాయిస్ టాకెట్ 1978 డిసెంబరు 14, గురువారం, ఉదయం ఎనిమిదీ నలభైకి ఆ ఇంట్లోంచి వెళ్లాడు. తిరిగి రాలేదు.